షైర్ క్యాలెండరు

షైర్ క్యాలెండరు ఆంగ్ల రచయిత జె.ఆర్.ఆర్. టోల్కీన్ (1892-1973) సృష్టించిన మిడిల్ ఎర్త్ అనే కల్పిత ప్రపంచంలో, షైర్ ప్రాంతంలో నివసించే హాబిట్లు వాడిన సౌర కాలమానము. సంవత్సరానికి 365 రోజులు, ఒక్కొక్కటి 30 రోజులు గల 12 నెలలు, ఏ నెలలోనూ చేరని 5 పండుగ రోజులు ఇందులోని ముఖ్యాంశాలు. సంవత్సరంలో ఒక రోజుకు వారం పేరు లేకుండా చేయడం వలన, ఈ క్యాలెండరులో ప్రతి తేదీ ఎల్లప్పుడూ ఒకే వారమున వస్తుంది. టోల్కీన్ వ్రాసిన "ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్" నవల మూడవ సంపుటము "ది రిటర్న్ ఆఫ్ ది కింగ్" (1955) చివర గల "డి" అనుబంధంలో దీని పూర్తి వివరణ ఉన్నది. కల్పిత ప్రపంచాల కొరకు రూపొందించబడిన క్యాలెండర్లలో మిక్కిలి వివరంగా వర్ణించబడిన వాటిలో ఇది ఒకటి.

నేపథ్యము

టోల్కీన్ 1925 నుండి 1945 వరకు ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో ప్రాచీన ఆంగ్ల భాషాచార్యుడుగా పనిచేసాడు. హాబిట్లు మొదట 1937లో వెలువడిన "ది హాబిట్" నవలలో కనిపిస్తారు. వీరు మనుషులలో సగం ఎత్తు ఉండి, వ్యవసాయము, తోటపని, విందు భోజనాలు ఇష్టపడే ప్రజలు. "ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్" 1954-55 సంవత్సరాలలో మూడు సంపుటాలుగా వెలువడినది.

హాబిట్లు వ్రాసిన ఒక పురాతన గ్రంథాన్ని తాను ఆంగ్లంలోకి అనువదించినట్లుగా టోల్కీన్ ఈ నవలను చెబుతాడు. అందువలన కథలో నెలల పేర్లు జనవరి, ఫిబ్రవరి అని, వారాల పేర్లు నేటి ఆంగ్ల నామాలతోను కనిపిస్తాయి. హాబిట్ల అసలు పేర్లు, అసలు లెక్క మాత్రం అనుబంధంలో వివరించబడినవి. ఈ తేడా తెలియని పాఠకునికి కథలోని కొన్ని తేదీలు అచ్చుతప్పులుగా కనిపించే అవకాశము కలదు.

సంవత్సర నిర్మాణము

షైర్ క్యాలెండరులో నెలలన్నీ సమానము. ప్రతి నెలకు 30 రోజులు. పన్నెండు నెలలకు 360 రోజులు కాగా, మిగిలిన 5 రోజులు నెలలకు వెలుపల ఉంచబడినవి. అవి ఈ క్రింది విధంగా ఉంటాయి.

* రెండవ యూల్ - సంవత్సరపు మొదటి రోజు
* మొదటి లైథ్ - ఆరవ నెల ముగిసిన మరునాడు
* సంవత్సర మధ్య దినము - రెండు లైథ్ దినాల నడుమ వచ్చే రోజు
* రెండవ లైథ్ - ఏడవ నెలకు ముందు రోజు
* మొదటి యూల్ - సంవత్సరపు చివరి రోజు

సంవత్సరపు మొదటి రోజును "రెండవ యూల్" అని, చివరి రోజును "మొదటి యూల్" అని పిలవడం తికమకగా తోచవచ్చును. యూల్ అనునది పాత సంవత్సరాంతము, కొత్త సంవత్సరాది కలిసిన ఒకే పండుగ. పాత సంవత్సరపు ఆఖరి రోజు ఆ పండుగలో మొదటిది, మరునాడు రెండవది. షైర్‌లో యూల్ వేడుకలు పాత సంవత్సరపు చివరి మూడు రోజులు, కొత్త సంవత్సరపు మొదటి మూడు రోజులు కలిపి మొత్తం ఆరు రోజులు జరుగుతాయి. యూల్ శీతాకాలపు పండుగ కాగా, లైథ్ నడివేసవి పండుగ.

లీపు సంవత్సరంలో సంవత్సర మధ్య దినము తరువాత "ఓవర్‌లైథ్" అనే మరొక రోజు చేరుతుంది. ఇది నాలుగేళ్ళకు ఒకసారి వస్తుంది. శతాబ్దపు చివరి సంవత్సరంలో మాత్రం రాదు. ఓవర్‌లైథ్ ప్రత్యేక సంబరాల రోజు. నవల చివరి భాగంలో యుద్ధము ముగిసిన పిమ్మట వచ్చిన షైర్ శకం 1420, గొప్ప పంటలు పండిన సంవత్సరముగా ప్రసిద్ధి చెందినది. అది లీపు సంవత్సరము కూడా. ఆ యేటి ఓవర్‌లైథ్ వేడుకలు అంతకు ముందు ఎవరూ ఎరుగనంత ఘనంగా జరిగినట్లు చెప్పబడినది.

నెలల పేర్లు

షైర్ నెలలు, కథలో వాటికి బదులుగా వాడబడిన ఆంగ్ల నెలలు ఇవి.

* ఆఫ్టర్‌యూల్ - జనవరి
* సోల్మాథ్ - ఫిబ్రవరి
* రెథె - మార్చి
* ఆస్ట్రన్ - ఏప్రిల్
* త్రిమిడ్జ్ - మే
* ఫోర్‌లైథ్ - జూన్
* ఆఫ్టర్‌లైథ్ - జూలై
* వెడ్మాథ్ - ఆగస్టు
* హాలిమాథ్ - సెప్టెంబరు
* వింటర్‌ఫిల్త్ - అక్టోబరు
* బ్లాట్మాథ్ - నవంబరు
* ఫోర్‌యూల్ - డిసెంబరు

ఈ పేర్లు పూర్తిగా కల్పితాలు కావు. క్రైస్తవ మతం స్వీకరించక ముందు ఆంగ్లో-సాక్సన్లు వాడిన నెలల పేర్లను బీడ్ అనే క్రైస్తవ సన్యాసి సా.శ. 725లో కాలగణనపై లాటిన్‌లో వ్రాసిన గ్రంథంలో నమోదు చేసాడు. టోల్కీన్ ఆ పేర్లనే కొద్దిగా అరగదీసి, వాడుకలో వేల సంవత్సరాలు నలిగినట్లుగా మార్చి హాబిట్లకు ఇచ్చాడు. బీడ్ చెప్పిన త్రిమిల్చి మాసంలో ఆవులకు రోజుకు మూడుసార్లు పాలు పితికేవారట. అది షైర్‌లో త్రిమిడ్జ్ అయినది. వెడ్మాథ్ కలుపు మొక్కల మాసము. హాలిమాథ్ పవిత్ర మాసము. బ్లాట్మాథ్ పశువులను బలి ఇచ్చే మాసము.

బీడ్ వర్ణించిన అసలు ఆంగ్లో-సాక్సన్ క్యాలెండరు చాంద్రసౌరమానానికి చెందినది. చాంద్రమాన నెలలు ఋతువులతో కలవడానికి కొన్ని సంవత్సరాలలో లిథా అనే పేరుతో మూడవ నెల అదనంగా చేర్చేవారు. తెలుగు పంచాంగంలో అధికమాసం చేసే పని ఇదే. టోల్కీన్ హాబిట్ల కొరకు దీనిని సౌరమానంగా మార్చినపుడు అధికమాసము తొలగిపోయి, లిథా అనే పేరు నడివేసవి పండుగ దినాలకు మిగిలినది. పన్నెండు సమాన నెలలు, పైన అయిదు రోజులు అనే పద్ధతి ప్రాచీన ఈజిప్టు క్యాలెండరులో కూడా ఉన్నది.

షైర్‌కు తూర్పున ఉన్న బ్రీ అనే ఊరిలో కొన్ని నెలలకు వేరే పేర్లు ఉండేవి. వింటర్‌ఫిల్త్‌ను అక్కడ వింట్రింగ్ అనేవారు. "ఫిల్త్" అంటే నేటి ఆంగ్లంలో మురికి కనుక, బ్రీ వాసులు షైర్ మురికిని గురించి పరిహాసం చేసేవారు. ఆ పేరుకు మురికితో సంబంధం లేదని, శీతాకాలానికి ముందు సంవత్సరము నిండటం అనే అర్థంలో అది వచ్చినదని షైర్ వాసుల వాదన. పూర్వం పంట కోతల తరువాత సంవత్సరాది జరుపుకొన్న కాలం నాటి పేరు అది.

వారము

షైర్ వారానికి ఏడు రోజులు. వారం శనివారంతో మొదలై శుక్రవారంతో ముగుస్తుంది. రోజుల అసలు పేర్లు, వాటి అర్థాలు ఇవి.

* స్టెర్‌డే (శనివారం) - నక్షత్రాల రోజు
* సన్‌డే (ఆదివారం) - సూర్యుని రోజు
* మన్‌డే (సోమవారం) - చంద్రుని రోజు
* ట్రూస్‌డే (మంగళవారం) - వృక్షాల రోజు
* హెవెన్స్‌డే (బుధవారం) - ఆకాశపు రోజు
* మెర్స్‌డే (గురువారం) - సముద్రపు రోజు
* హైడే (శుక్రవారం) - దేవతల రోజు

తెలుగులో ఆదివారము, సోమవారము వరుసగా సూర్యచంద్రుల పేరిట, మిగిలిన అయిదు గ్రహాల పేరిట ఉన్నాయి. హాబిట్ల వారంలో సూర్యచంద్రులు కలిసినా, మిగిలిన పేర్లకు గ్రహాలతో సంబంధము లేదు. ఎల్ఫులు అనే ప్రాచీన జాతి తమ ఆరు రోజుల వారంలో నక్షత్రాలకు, సూర్యునికి, చంద్రునికి, రెండు దివ్య వృక్షాలకు, ఆకాశానికి, దేవతలకు ఒక్కొక్క రోజు కేటాయించారు. సముద్రయానంలో ఆరితేరిన న్యూమెనోర్ ద్వీపవాసులు ఆకాశపు రోజు తరువాత సముద్రానికి ఒక రోజు చేర్చి వారాన్ని ఏడు రోజులు చేసారు. హాబిట్లకు వచ్చినది ఈ రెండవ పద్ధతి. అయితే కథాకాలం నాటికి హాబిట్లలో సామాన్యులు ఈ అర్థాలను దాదాపుగా మరచిపోయారు.

వారంలో చివరిదైన హైడే ముఖ్యమైన రోజు. ఆ మధ్యాహ్నం నుండి సెలవు, సాయంత్రం విందులు. కనుక కథలో శుక్రవారం అని చదివినపుడు నేటి ఆదివారపు వాతావరణాన్ని, గురువారం అని చదివినపుడు శనివారపు వాతావరణాన్ని ఊహించుకోవాలి.

షైర్ సంస్కరణ

365 రోజులను ఏడు చేత భాగిస్తే 52 వారాలు పోగా ఒక రోజు మిగులుతుంది. ఈ ఒక్క రోజు కారణంగానే ఏటేటా తేదీలకు వారాలు మారుతూ ఉంటాయి. ఈ సంవత్సరం సోమవారం వచ్చిన పుట్టినరోజు మరుసటి ఏడు మంగళవారమో బుధవారమో వస్తుంది. హాబిట్లకు ఇది అసౌకర్యంగా, చిందరవందరగా తోచినది. రెండవ ఐసెన్‌గ్రిమ్ అనే నాయకుని కాలంలో వారు దీనికి ఒక ఉపాయము కనుగొన్నారు. లెక్కను చెడగొడుతున్న ఆ ఒక్క రోజుకు, అనగా సంవత్సర మధ్య దినానికి, వారం పేరు తీసివేసారు. లీపు సంవత్సరంలో ఓవర్‌లైథ్‌కు కూడా అదే పద్ధతి. ఆ రోజులు ఏ వారానికీ చెందవు. దీనినే షైర్ సంస్కరణ అంటారు. తరువాత బ్రీ వాసులు కూడా దీనిని స్వీకరించారు.

దీని ఫలితాన్ని లెక్క వేసి చూడవచ్చును. రెండవ యూల్ ఒక రోజు, ఆరు నెలలు 180 రోజులు, మొదటి లైథ్ ఒక రోజు, మొత్తం 182. ఇది సరిగ్గా 26 వారాలు. సంవత్సరపు రెండవ సగము కూడా రెండవ లైథ్ నుండి మొదటి యూల్ వరకు 182 రోజులే. నడుమ ఉన్న పేరులేని రోజు ఏ సగానికీ చెందదు. కనుక ప్రతి సంవత్సరము శనివారంతో మొదలై శుక్రవారంతో ముగుస్తుంది. నెలలు మొదలయ్యే వారాలు కూడా స్థిరపడతాయి.

* ఒకటవ, ఏడవ నెలలు - ఆదివారం
* రెండవ, ఎనిమిదవ నెలలు - మంగళవారం
* మూడవ, తొమ్మిదవ నెలలు - గురువారం
* నాలుగవ, పదవ నెలలు - శనివారం
* అయిదవ, పదకొండవ నెలలు - సోమవారం
* ఆరవ, పన్నెండవ నెలలు - బుధవారం

ఈ పట్టికలో శుక్రవారం లేదు. షైర్‌లో ఏ నెలా శుక్రవారంతో మొదలు కాదు. అందుచేత "ఒకటో తేదీ శుక్రవారం నాడు" అనే మాట అక్కడ ఒక నానుడి అయినది. ఎన్నటికీ రాని రోజు అని దాని భావము. పందులు ఎగరడం, చెట్లు నడవడం వంటి అసంభవమైన సంగతులు ఆ రోజున జరుగుతాయని చెప్పుకొనేవారు. నవలలో చెట్లను పోలిన ఎంట్లు అనే జీవులు నిజంగానే నడచి యుద్ధానికి వెళతాయి కనుక, ఈ నానుడిలో పాఠకునికి ఒక చమత్కారము కూడా ఉన్నది.

నవలలోని తేదీలు ఈ లెక్కకు సరిపోతాయి. కథానాయకులు బిల్బో, ఫ్రోడో ఇద్దరి పుట్టినరోజు సెప్టెంబరు 22. తొమ్మిదవ నెల గురువారంతో మొదలవుతుంది కనుక 22వ తేదీ కూడా గురువారమే. షైర్ శకం 1401లో బిల్బో ఇచ్చిన ప్రసిద్ధమైన విందు, 17 సంవత్సరాల తరువాత ఫ్రోడో ఊరు విడిచి వెళ్ళడానికి ముందు రోజు వచ్చిన పుట్టినరోజు, రెండూ గురువారము నాడు జరిగినట్లు కథలో ఉన్నది.

ఈ సంస్కరణ తరువాత షైర్ వాసులు తమ ఉత్తరాలలో, దినచర్య పుస్తకాలలో వారం పేరు వ్రాయడం మానివేసారు. తేదీ తెలిస్తే వారము తెలిసినట్లే. ఈ పద్ధతి ఇంటివద్ద ఉన్నంత కాలము ఎంతో సౌకర్యముగా ఉండేదని, బ్రీ దాటి ప్రయాణం చేయవలసి వస్తే అంత సౌకర్యముగా ఉండేది కాదని టోల్కీన్ పేర్కొన్నాడు. బయటి ప్రపంచంలో వారాలు ఆగకుండా సాగుతాయి. షైర్‌లో మాత్రం ఏటా ఒక రోజు ఆగుతాయి. ఇంటి నుండి బయలుదేరిన హాబిట్‌కు శుక్రవారమైన రోజు, ఎదురైన బాటసారికి మరొక వారము కావచ్చును.

ఇతర జాతుల కాలమానాలు

షైర్ క్యాలెండరు మిడిల్ ఎర్త్‌లో ఒంటరిగా పుట్టినది కాదు. అనుబంధంలో దాని పూర్వ చరిత్ర కూడా చెప్పబడినది.

ఎల్ఫులు మరణము లేనివారు కనుక వారికి ఒక్క సంవత్సరము చాలా స్వల్ప కాలము. వారు 144 సౌర సంవత్సరాలను ఒక "యేన్"గా లెక్కించేవారు. యేన్‌కు 52,596 రోజులు. ఇది వారి ఆరు రోజుల వారాలలో సరిగ్గా 8,766. సంవత్సరాన్ని నెలలుగా కాక ఆరు ఋతువులుగా విభజించారు. వాటిలో వేసవి, శీతాకాలము 72 రోజుల చొప్పున, మిగిలిన నాలుగు 54 రోజుల చొప్పున ఉంటాయి. ఋతువులకు వెలుపల 5 రోజులు ఉండగా, నడుమ ఉండే మూడు రోజులను పన్నెండేళ్ళకు ఒకసారి రెట్టింపు చేసేవారు.

న్యూమెనోర్ ద్వీపపు మనుషులు దీనిని మార్చి పన్నెండు నెలల సంవత్సరాన్ని తయారుచేసారు. అందులో పది నెలలకు 30 రోజులు, రెండు నెలలకు 31 రోజులు. ఇది రాజుల కాలమానము. మిడిల్ ఎర్త్ మూడవ యుగం 2060వ సంవత్సరంలో గోండోర్ రాజ్యంలో మార్దిల్ అనే పాలకుడు దీనిని సవరించి నెలలన్నిటికి 30 రోజులు చేసాడు. ఇది పాలకుల కాలమానము. దీనిని ఉమ్మడి భాష మాట్లాడే జాతులలో ఎక్కువ మంది స్వీకరించారు. మార్పులను ఇష్టపడని హాబిట్లు మాత్రం రాజుల కాలమానాన్నే తమ అలవాట్లకు అనుగుణంగా సవరించుకొని వాడుకొన్నారు.

"ది హాబిట్" నవలలో డ్వార్ఫులు అనే మరొక జాతి సంవత్సరాది ప్రస్తావన ఉన్నది. శరదృతువు చివరి చంద్రమాసపు మొదటి రోజు వారికి కొత్త సంవత్సరము. ఆ రోజున సూర్యుడు, చంద్రుడు ఒకేసారి ఆకాశంలో కనిపిస్తే దానిని "డ్యూరిన్ దినము" అంటారు. ఆ రోజు ఎప్పుడు వస్తుందో ముందుగా లెక్కించే విద్య తమకు పోయినదని డ్వార్ఫుల నాయకుడు థోరిన్ అంటాడు. గణితము నశించి పండుగ మాత్రమే మిగిలిన స్థితి అది.

శకము

షైర్ శకము మార్చో, బ్లాంకో అనే హాబిట్ సోదరులు తమ జనంతో నదిని దాటి షైర్‌లో స్థిరపడిన సంవత్సరంతో మొదలవుతుంది. అది మూడవ యుగం 1601. కనుక షైర్ సంవత్సరానికి 1600 కలిపితే మూడవ యుగపు సంవత్సరము వస్తుంది. నవలలోని ప్రధాన యుద్ధము ముగిసినది షైర్ శకం 1419లో, అనగా మూడవ యుగం 3019లో.

యుద్ధంలో దుష్టశక్తి సౌరోన్ పతనమైన మార్చి 25వ తేదీని గోండోర్ రాజ్యంలో కొత్త సంవత్సరాదిగా నిర్ణయించారు. ఫ్రోడో పుట్టినరోజు పండుగ దినమైనది. లీపు సంవత్సరాలలో ఆ పండుగనే రెండు రోజులు చేసేవారు. హాబిట్లు మాత్రం యుద్ధాన్ని గెలిపించినది తమవారే అయినా, తమ సంవత్సరాదిని మార్చుకోలేదు. వారికి కొత్త సంవత్సరము యూల్ నాడే మొదలైనది. మార్చి 25 ఎంపికకు వాస్తవ చరిత్రలో ఒక పోలిక ఉన్నది. ఇంగ్లండులో 1751 వరకు చట్టరీత్యా సంవత్సరము మార్చి 25న మొదలయ్యేది. 1752లో సంవత్సరాది జనవరి 1కి మారినది. అదే సంవత్సరం సెప్టెంబరు 2 మరునాడు సెప్టెంబరు 14గా లెక్కించి 11 రోజులను తొలగించారు.

కథలో క్యాలెండరు పాత్ర

"ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్"లో కథ మధ్యలో ప్రయాణికులు విడిపోయి, వందల మైళ్ళ దూరంలో వేరువేరు దారులలో సాగుతారు. ఒక చోట జరిగిన సంఘటన ఫలితము మరొక చోట సరియైన రోజున కనిపించాలి. అందుకొరకు టోల్కీన్ ప్రతి బృందానికి రోజువారీ పట్టికలు తయారుచేసుకొన్నాడు. 1944 మే నెలలో కుమారునికి వ్రాసిన ఒక లేఖలో, తన కథలోని చంద్రుడు ఒక ప్రాంతంలో ఉదయిస్తూ అదే సమయంలో మరొక ప్రాంతంలో అస్తమిస్తున్నట్లు తేలినదని, దానిని సరిదిద్దడానికి వెనుకటి అధ్యాయాలను తిరిగి వ్రాయవలసి వచ్చినదని తెలిపాడు. 1942లో తమ ప్రాంతంలో చంద్రుని స్థితులను ఆధారంగా తీసుకొన్నట్లు తరువాత ఒక ముఖాముఖిలో చెప్పాడు.

ఈ క్యాలెండరు తెలియనిదే అర్థం కాని అంశాలు కథలో కొన్ని ఉన్నాయి. అనుబంధంలోని కాలపట్టికలో ఫిబ్రవరి 30వ తేదీ కనిపిస్తుంది. ఆరగోర్న్, ఎయోమెర్ మొదటిసారి కలుసుకొన్నది ఆ రోజుననే. ఇది అచ్చుతప్పు కాదు. సోల్మాథ్‌కు అన్ని నెలల వలెనే 30 రోజులు. అదే విధంగా ఏ నెలలోనూ 31వ తేదీ ఉండదు.

మరొక ఉదాహరణ లోత్‌లోరియన్ అనే ఎల్ఫుల అడవికి సంబంధించినది. ప్రయాణికులు జనవరి 17న అక్కడి నగరానికి చేరి ఫిబ్రవరి 16న బయలుదేరుతారు. తరువాత నదిలో పడవ ప్రయాణం చేస్తూ సామ్ అనే హాబిట్ సన్నని నెలవంకను చూసి, అడవిలో తాము అసలు కాలమే గడపలేదేమో అని ఆశ్చర్యపోతాడు. అమావాస్య నుండి అమావాస్యకు దాదాపు 29న్నర రోజులు. వారి బస ఇంచుమించు ఒక చాంద్రమాసము కావడం వలన, చంద్రుడు మరల అదే కళకు వచ్చాడు.

నేటి తేదీలతో పోలిక

షైర్ సంవత్సర మధ్య దినము పగలు అత్యంత దీర్ఘంగా ఉండే రోజుకు, అనగా సాయన దక్షిణాయన ప్రారంభానికి, వీలైనంత దగ్గరగా ఉండేటట్లు నిర్ణయించబడినట్లు టోల్కీన్ వివరించాడు. నేటి గ్రెగొరియన్ క్యాలెండరులో ఇది జూన్ 21 ప్రాంతంలో వస్తుంది. ఈ లెక్క ప్రకారం షైర్ తేదీలు నేటి తేదీల కంటె సుమారు పది రోజులు ముందుంటాయి. నేటి జనవరి 1 షైర్‌లో ఇంచుమించు జనవరి 9 అవుతుంది. కనుక బిల్బో పుట్టినరోజైన సెప్టెంబరు 22ను ఋతువుల ప్రకారం చూస్తే, అది నేటి సెప్టెంబరు రెండవ వారం ప్రాంతానికి సరిపోతుంది.

వాస్తవ ప్రపంచంలో ఇటువంటి ప్రయత్నాలు

తేదీలను వారాలతో శాశ్వతంగా ముడిపెట్టాలనే ఆలోచన హాబిట్లకే పరిమితము కాదు. మోజెస్ కాట్స్‌వర్త్ రూపొందించిన క్యాలెండరులో 28 రోజుల నెలలు 13, వారానికి చెందని రోజు ఒకటి ఉన్నాయి. ఈస్ట్‌మన్ కోడక్ సంస్థ తన లెక్కల కొరకు 1928 నుండి 1989 వరకు 13 నెలల పద్ధతిని వాడినది.

1930లో ఎలిజబెత్ అకెలిస్ అనే అమెరికా మహిళ "వరల్డ్ క్యాలెండరు"ను ప్రతిపాదించినది. ఇందులో సంవత్సరాన్ని 91 రోజుల నాలుగు భాగాలుగా విభజించి, ప్రతి భాగంలో 31, 30, 30 రోజుల నెలలు ఉంచారు. డిసెంబరు 30 తరువాత వచ్చే రోజుకు వారం పేరు ఉండదు. లీపు సంవత్సరంలో జూన్ 30 తరువాత అటువంటి రోజు మరొకటి వస్తుంది. నెలల పంపకంలో తేడా ఉన్నా, వారం లేని రోజు అనే మూలసూత్రము షైర్ సంస్కరణకు, దీనికి ఒకటే.

ఈ ప్రతిపాదనను ఐక్యరాజ్యసమితి ముందుకు తెచ్చిన దేశము భారతదేశము. స్వాతంత్ర్యానంతరము దేశంలో వివిధ ప్రాంతాలలో అనేక పంచాంగాలు వాడుకలో ఉండటం వలన, ఖగోళ భౌతిక శాస్త్రవేత్త మేఘనాద్ సాహా అధ్యక్షతన 1952లో క్యాలెండరు సంస్కరణ సంఘము ఏర్పాటైనది. భారత ప్రభుత్వము 1953లో వరల్డ్ క్యాలెండరు అంశాన్ని ఐక్యరాజ్యసమితి ఆర్థిక, సామాజిక మండలి పరిశీలనకు పంపినది. 1954లో జెనీవాలో సాహా దీనిని సమర్థిస్తూ ప్రసంగించాడు.

ప్రతిపాదనకు ప్రధానమైన అభ్యంతరము మతపరమైనది. యూదులు, ఏడవ రోజును ఆరాధనకు కేటాయించే క్రైస్తవ శాఖలు, శుక్రవారము ప్రార్థనలు జరిపే ముస్లిములు ఎంతో కాలంగా ఏడు రోజుల వరుసను తెగనీయకుండా పాటిస్తున్నారు. ఏటా ఒక రోజును వారం లెక్క నుండి తొలగిస్తే, వారి పవిత్ర దినము కొత్త క్యాలెండరులో ఒక సంవత్సరం శనివారము, మరొక సంవత్సరం శుక్రవారము, ఆపై గురువారముగా జరుగుతూ పోతుంది. 1955లో అమెరికా ప్రభుత్వము ఈ సంస్కరణను సమర్థించలేమని తెలిపినది. 1956లో మండలి ఈ అంశాన్ని నిరవధికంగా వాయిదా వేసినది. షైర్ సంస్కరణను వివరించే సంపుటము వెలువడినది కూడా ఈ వివాదము నడుస్తున్న 1955 అక్టోబరులోనే.

భారతదేశంలో సంఘము సిఫారసు చేసిన జాతీయ క్యాలెండరు 1957 మార్చి 22న, శాలివాహన శకం 1879 చైత్రము 1వ తేదీగా అమలులోకి వచ్చినది. ఇది సౌరమానము. ఇందులో నెలలకు 30 లేదా 31 రోజులు స్థిరంగా నిర్ణయించబడినా, వారాల వరుసను మార్చలేదు. ప్రభుత్వ రాజపత్రంలో, ఆకాశవాణి ప్రసారాలలో దీనికి స్థానము లభించినది. ఉగాది, దీపావళి మొదలైన పండుగలు మాత్రం పూర్వం వలెనే చాంద్రమాన పంచాంగం ప్రకారమే జరుగుతున్నాయి.

ఈ రెండు సంస్కరణల ఫలితాలలోని తేడాకు కారణము టోల్కీన్ మాటలోనే ఉన్నది. వారం లేని రోజు అనే ఏర్పాటు గణితపరంగా దోషం లేనిది. ఒకే ఆచారము, ఒకే పండుగలు గల చిన్న సమాజంలో అందరూ అంగీకరిస్తే అది సుఖంగా నడుస్తుంది. పొరుగువారి వారాలతో నిత్యము వ్యవహరించవలసిన సమాజానికి అది కుదరదు. షైర్ వాసులలో బ్రీ దాటి వెళ్ళేవారు అరుదు కనుక వారి సంస్కరణ నిలిచినది. వాస్తవ ప్రపంచంలో వ్యాపారము, ప్రయాణము, ఆరాధన అన్నీ ఆ ఎల్లను ఎన్నడో దాటిపోయినవి.